ఖాతా చెరిపితే ఆట వదిలినట్టేనా?

సంక్రాంతి సెలవులకు ఇంటికొచ్చిన మా మేనల్లుడు ఒక సాయంత్రం ఫోను తెచ్చి నా చేతిలో పెట్టాడు. "మామయ్యా, గేమ్ తీసేశాను. ఇంక ఐడీ కూడా పోయినట్టేగా?" అని అడిగాడు. ఇంటర్ రెండో సంవత్సరం వాడిది. పరీక్షలు నెత్తిమీదికొచ్చాయి. "పోలేదురా, ఫోన్లోంచి యాప్ పోయిందంతే. నీ ఐడీ కంపెనీ దగ్గర అలాగే ఉంది. రేపు మళ్లీ దించుకుంటే నీ స్కిన్లు, నీ ర్యాంకు అన్నీ ఎక్కడివక్కడే ఉంటాయి" అన్నాను. వాడి ముఖంలో ముందు ఊరట కనిపించింది. ఆ వెంటనే దిగులు కమ్మింది. పోలేదన్న ఊరట, పోలేదన్న దిగులు. ఆన్‌లైన్ గేమింగ్ ఖాతాను శాశ్వతంగా తీసేయాలనుకునే వాళ్లందరూ ఆ రెంటి మధ్యే ఊగుతుంటారని నాకనిపించింది.

"శాశ్వతంగా తొలగించు" అన్న ఒక్క బటన్ వెనక మూడు వేరువేరు కోరికలున్నాయి. నా వివరాలు వాళ్ల దగ్గర ఉండకూడదన్నది ఒకటి. నా డబ్బు ఇక కారిపోకూడదన్నది ఇంకొకటి. నేను మళ్లీ ఆడకూడదన్నది మూడోది. చట్టాలూ కంపెనీలూ మొదటిదానికే జవాబు చెబుతున్నాయి, అదీ అరకొరగా. రెండోది విడిగా చేసుకోవాల్సిన పని. మూడోదానికి ఖాతా చెరపడం మందు కాకపోగా, కొన్నిసార్లు మళ్లీ మొదలుపెట్టడాన్ని సులువు చేస్తుంది కూడా. చివరి మాట వింతగా అనిపించవచ్చు. ఈ వ్యాసంలో నేను ముఖ్యంగా చెప్పదలచుకున్నది అదే.

ముందు ఖాతా ఎక్కడుంటుందో చూద్దాం. పిల్లలు 'ఐడీ' అనే దానికి మూడు ముక్కలున్నాయి. ఫోన్లో యాప్ ఒకటి. లోపలికి వెళ్లడానికి వాడే తాళంచెవి ఒకటి: అది గూగుల్ ఖాతా కావచ్చు, ఫేస్‌బుక్ కావచ్చు, ఫోన్ నంబరు కావచ్చు. కంపెనీ సర్వర్లలో ఉండే అసలు చిట్టా ఒకటి: ఎప్పుడు ఆడారు, ఎవరితో మాట్లాడారు, ఏం కొన్నారు, ఏ ఫోన్ నుంచి వచ్చారు అన్నదంతా అందులో ఉంటుంది. యాప్ తీసేస్తే మిగతా రెండూ కదలవు. ఫేస్‌బుక్‌లోకి వెళ్లి ఆ గేమ్‌తో లంకె తెంపేసినా చిట్టా అలాగే ఉంటుంది, పైగా దాన్ని చెరపమని అడగడానికి తాళంచెవి కూడా చేజారుతుంది. గూగుల్ ప్లే గేమ్స్ ప్రొఫైలును చెరిపే వీలుంది. కానీ అది గూగుల్ దగ్గరున్న వివరాల వరకే, ఆట తయారుచేసినవాళ్ల దగ్గరున్న వాటికి వర్తించదు. గెస్ట్‌గా ఆడినవాళ్లకైతే ఫోను మారిందంటే ఆ ఐడీ తమదని నిరూపించుకోవడమే గగనం.

మావాడి విషయం ఆ సాయంత్రం ఆగిపోయింది ఈ తాళంచెవి దగ్గరే. వాడు ఖాతా తెరిచినప్పుడు ఇచ్చింది వాళ్ల నాన్న పాత సిమ్ నంబరు. రీచార్జి చేయక అది ఎప్పుడో రద్దయింది. రద్దయిన నంబరును కనీసం 90 రోజులు ఆగి టెలికాం సంస్థలు మరొకరికి ఇచ్చేయవచ్చు. అంటే వాడి ఖాతా చెరపడానికి రావలసిన ఓటీపీ ఇప్పుడు ముక్కూమొహం తెలియని మనిషి ఫోనుకు వెళుతుంది. ఖాతా తెరవడానికి వాడికి ఒక్క నిమిషం పట్టి ఉంటుంది. మూయడానికి మేమిద్దరం రెండు గంటలు కూర్చున్నాం.

ఆ రెండు గంటలైనా కూర్చోగలిగే దారి ఏర్పడిందంటే దానికి కారణం ప్రభుత్వాల కన్నా రెండు యాప్ స్టోర్లే. ఖాతా తెరిపించే ప్రతి యాప్, దాన్ని తొలగించే దారి కూడా యాప్‌లోపలే చూపాలని ఆపిల్ 2022 జూన్ 30 నుంచి తప్పనిసరి చేసింది. తాత్కాలికంగా నిలిపితే చాలదని, తొలగింపే ఉండాలని చెప్పింది. గూగుల్ 2023 ఏప్రిల్‌లో అలాంటి నిబంధననే ప్రకటించి ఇంకో షరతు చేర్చింది: యాప్ తీసేసినవాళ్లు మళ్లీ దించుకోనక్కర్లేకుండా వెబ్‌లోనే తొలగింపు కోరే లింకు ఉండాలి. అడిగిన యాప్‌లకు 2024 మే 31 దాకా గడువిచ్చింది. ఈ రెండో షరతు చిన్నదిగా కనిపిస్తుంది గానీ నా లెక్కలో అదే పెద్దది. ఆట మానాలని యాప్ తీసేసిన కుర్రాణ్ని, ఖాతా చెరపడానికి మళ్లీ అదే యాప్ దించుకోమనడం, తాగుడు మానినవాణ్ని సెలవు చెప్పి రమ్మని సారా కొట్టుకు పంపడం లాంటిది.

దారి ఉన్నా తలుపు వెంటనే మూసుకోదు. కంప్యూటర్ ఆటలు అమ్మే స్టీమ్‌లో ఖాతా తొలగించమని కోరితే, అది మీదేనని రుజువు చూసుకుని, 30 రోజులు ఆగి చెరిపేస్తారు. ఎపిక్ గేమ్స్ 14 రోజులు ఆగుతుంది. ఎక్స్‌బాక్స్ ఆడేవాళ్లకు ఉండేది మైక్రోసాఫ్ట్ ఖాతా. మూసేటప్పుడు గడువు 30 రోజులా 60 రోజులా అని అడుగుతారు. దాంతోపాటే ఔట్‌లుక్ మెయిలు, వన్‌డ్రైవ్‌లో దాచిన ఫోటోలు కూడా పోతాయి కనుక ఇది ఆట ఒక్కదాని విషయం కాదు. ప్లేస్టేషన్ ఖాతా మూస్తే కొన్న ఆటలూ, వాలెట్‌లో మిగిలిన సొమ్మూ దాంతోనే పోతాయి.

ఈ ఆగడానికి న్యాయమైన కారణం ఉంది. ఐడీలు దొంగిలించేవాళ్లున్నారు, కోపంలో తమ్ముడి ఖాతా చెరిపేసే అన్నలూ ఉన్నారు. ఏళ్ల తరబడి కూడబెట్టుకున్నది ఒక్క నొక్కుతో మాయమైపోకూడదు. కానీ ఎపిక్‌లోనైనా మైక్రోసాఫ్ట్‌లోనైనా ఆ గడువులోపు ఒక్కసారి లాగిన్ అయితే చాలు, ఖాతా మళ్లీ లేచి కూర్చుంటుంది. మానేయాలనుకున్న మనిషికి మొదటి రెండు వారాలే గడ్డుకాలం. ఆ రెండు వారాలూ తలుపుకు గడియ వేయడం లేదు. తిరిగి తెరవాలంటే ఒక రోజు ఆగాలి, కారణం రాయాలి అని పెడితే దొంగతనం నుంచి రక్షణకు లోటు రాదు, తొందరపాటుకు అడ్డుకట్టా పడుతుంది. మూయడానికి రోజులు ఆగమనేవాళ్లు తెరవడానికి ఒక్క రోజు ఆగమనకపోవడంలో వాళ్ల మొగ్గు ఎటో తెలుస్తూనే ఉంది.

ఆ మొగ్గు ఎంత దూరం వెళ్లగలదో అమెరికాలో ఒక కేసు బయటపెట్టింది. 2022 డిసెంబరులో ఫెడరల్ ట్రేడ్ కమిషన్, ఫోర్ట్‌నైట్ తయారీదారు ఎపిక్ గేమ్స్ చేత 52 కోట్ల డాలర్లు కట్టించేలా ఒప్పందాలు కుదుర్చుకుంది. అందులో 27.5 కోట్లు పిల్లల వ్యక్తిగత వివరాలకు సంబంధించిన చట్టాన్ని మీరినందుకు జరిమానా. 24.5 కోట్లు తికమక పెట్టే బటన్లతో కొనిపించిన వాళ్లకు తిరిగి చెల్లించడానికి. డబ్బు అంకెల కన్నా ఫిర్యాదులోని రెండు ఆరోపణలు నన్ను ఎక్కువ కదిలించాయి. పిల్లల వివరాలు చెరపమని అడిగిన తల్లిదండ్రులను అర్థంలేని తిప్పలు పెట్టారని, కొన్నిసార్లు అసలు చెరపనే లేదని ఒకటి. చేయని కొనుగోలుకు డబ్బు పోయిందని క్రెడిట్ కార్డు కంపెనీకి చెప్పుకున్నవాళ్ల ఖాతాలకు తాళం వేశారని మరొకటి. వెళ్తానన్నవాణ్ని వెళ్లనివ్వలేదు, న్యాయం అడిగినవాణ్ని బయటికి నెట్టారు. ఖాతా మీద అధికారం ఎవరిదో ఈ రెండూ కలిపి చూస్తే తెలుస్తుంది.

మన దగ్గర కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 2023 నవంబరు 30న ఇలాంటి 13 రకాల మాయ డిజైన్లను నిషేధిస్తూ మార్గదర్శకాలు తెచ్చింది. చందా రద్దు చేసుకునే దారిని దాచడం, దాన్ని అంతులేని మెలికలు తిప్పడం అందులో ఉన్నాయి. వద్దన్నవాణ్ని సిగ్గుపడేలా చేసే మాటలూ ఉన్నాయి. "నీ టీమ్‌ను నడిమధ్యలో వదిలేస్తావా?" అని తెర అడిగిందంటే అది ఆ కోవలోదే. 1915 నంబరుకు ఫోన్ చేసి జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్‌లో చెప్పుకోవచ్చు. ఆట విషయంలోనూ అది పనికొస్తుందన్న ఆలోచన మన ఇళ్లలో ఇంకా రాలేదు.

వివరాలు చెరిపించుకునే హక్కు మాటకొస్తే ఐరోపా ముందుంది. అక్కడి డేటా రక్షణ చట్టం జీడీపీఆర్‌లోని 17వ అధికరణం 2018 మే 25 నుంచి అమల్లో ఉంది, కంపెనీ మామూలుగా నెలలోపు జవాబివ్వాలి. మన డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం 2023 ఆగస్టులో వచ్చింది. ఒప్పుకోవడం ఎంత తేలికో, ఒప్పుకోలు వెనక్కి తీసుకోవడమూ అంతే తేలికగా ఉండాలని అది అంటుంది. దాని 12వ సెక్షన్ చెరిపించుకునే హక్కు ఇస్తుంది. 18 ఏళ్లలోపు వారందరూ దాని దృష్టిలో పిల్లలే, తల్లిదండ్రుల అనుమతి కావాలి. నియమాలు మాత్రం 2025 నవంబరులో గానీ రాలేదు, ముఖ్యమైన బాధ్యతలు అమలయ్యేసరికి 2027 మే నెల అవుతుంది.

ఆ నియమాల్లో ఆటలకు సంబంధించిన ఒక చోటు మీద నా చూపు ఆగింది. దేశంలో 50 లక్షలు, అంతకు మించి నమోదైన వాడుకరులున్న గేమింగ్ సంస్థలు, మూడేళ్లపాటు ఎవరైనా అటు తొంగిచూడకపోతే వారి వివరాలు చెరిపేయాలి, చెరిపే ముందు కనీసం 48 గంటల ముందుగా చెప్పాలి. మంచిదే. కానీ మినహాయింపు చూడండి: ఖాతాలోకి వెళ్లడానికి కావలసిన వివరాలకూ, డబ్బుకు గానీ వస్తువులకు గానీ మార్చుకోగల టోకెన్లకూ ఇది వర్తించదు. అంటే గదిలో సామాను తీసేసినా గది మాత్రం ఉంటుంది. దీనికి తోడు లాగ్‌లను, అంటే వాడకం నమోదులను, కనీసం ఏడాది ఉంచాలని అవే నియమాలు అంటున్నాయి. నేరం జరిగితే జాడ దొరకాలి గనుక దీన్ని నేను తప్పుపట్టను. అయితే 'శాశ్వతం' అన్న మాటకు చట్టంలో ఉన్న అర్థం, బటన్ నొక్కే మనిషి మనసులో ఉన్న అర్థం ఒకటి కావని తెలుసుకోవాలి. పన్నుల లెక్కలు, మోసాల విచారణ, ఇతర చట్టాలు కోరే రికార్డులు ఖాతా పోయాకా ఉంటాయి. మీరు ఆటలోని జట్టులో, అంటే క్లాన్‌లో, పంపిన సందేశాలు అవతలివాళ్ల ఫోన్లలో తీసిన స్క్రీన్‌షాట్లుగా ఉంటాయి. వాటిని ఏ చట్టమూ చెరపలేదు.

ఇంతకీ పోయేదేమిటి? కొన్న ఆటలు పోతాయంటాం గానీ చాలామటుకు మనం కొన్నది ఆటను కాదు, ఆడుకునే అనుమతిని. యుబిసాఫ్ట్ 2014లో అమ్మిన 'ది క్రూ' అనే కార్ల ఆట సర్వర్లను 2024 మార్చి 31న ఆపేస్తే, డబ్బిచ్చి కొన్నవాళ్లకూ ఆడే వీలు లేకపోయింది. ఆ కోపంతో మొదలైన ఉద్యమానికి ఐరోపాలో 2025 జులై నాటికి పది లక్షలకు పైగా సంతకాలు వచ్చాయి. కాలిఫోర్నియా అయితే, ఇస్తున్నది అనుమతి మాత్రమేనని చెప్పకుండా 'కొనండి' అన్న మాట వాడకూడదని 2025 జనవరి 1 నుంచి చట్టం అమలు చేస్తోంది. మన పిల్లలకు ఈ సంగతి 2020 సెప్టెంబరు 2నే అనుభవమైంది. ఆ రోజు పబ్‌జీ మొబైల్ నిషేధంలో పడింది. అప్పుడు కూడా ఐడీలు చెరిగిపోలేదు. మరుసటి ఏడాది జులైలో దాని స్థానంలో బీజీఎంఐ వచ్చినప్పుడు పాత ఐడీలోని సరుకును అందులోకి మార్చుకోనిచ్చారు. నిషేధం వేరు, తొలగింపు వేరు.

సరుకు కన్నా విలువైనది ఇంకొకటి ఉంది. నార్వేలో మాట్స్ స్టీన్ అనే యువకుడు కండరాలు క్షీణించే వ్యాధితో 2014లో 25 ఏళ్లకే చనిపోయాడు. ఒంటరిగా బతికి ఒంటరిగా పోయాడని తల్లిదండ్రులు కుమిలిపోయారు. కొడుకు బ్లాగులో మరణవార్త పెట్టాక, వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్‌లో 'ఇబెలిన్' అనే పేరుతో అతణ్ని ఎరిగినవాళ్ల నుంచి ఉత్తరాలు రావడం మొదలైంది. అతను కొందరికి ఆత్మీయ మిత్రుడు, కొందరికి కష్టంలో ధైర్యం చెప్పినవాడు. అంత్యక్రియలకు వేరే దేశాల నుంచి కూడా వచ్చారు. భద్రంగా ఉన్న ఆట సంభాషణల ఆధారంగా అతని జీవితంపై తీసిన డాక్యుమెంటరీ 2024లో విడుదలైంది. ఖాతా అంటే చెత్త, చెరిపేస్తే పీడా పోతుంది అనే పెద్దలు ఈ కథ తెలుసుకోవాలి. మీ అబ్బాయికి ఆ ఐడీలో ఎవరున్నారో అడగకుండా దాన్ని చెరిపించకండి.

డబ్బు పెట్టి ఆడే ఆటల దగ్గర ఈ ప్రశ్న రూపమే మారిపోతుంది. రమ్మీ ప్రధానంగా నైపుణ్యం మీద నడిచే ఆటని సుప్రీంకోర్టు 1967లో చెప్పింది సికింద్రాబాద్‌లోని ఒక క్లబ్బు కేసులోనే. ఆన్‌లైన్ రమ్మీ ఆ తీర్పు నీడలో పెరిగింది. తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో చట్టాలు మార్చి పందెం ఆటలను ఆన్‌లైన్‌లోనూ నిషేధించాయి. అయినా ఫోను వేరే రాష్ట్రంలో ఉన్నట్టు చూపించే యాప్‌లు పెట్టుకుని ఆడినవాళ్లున్నారు. అలాంటి ఖాతాలో పాన్ నంబరూ బ్యాంకు వివరాలూ అసలువే, ఊరు మాత్రం అబద్ధం. దాన్ని తీసేయమని అడగాలన్నా మనిషి జంకుతాడు. 2025 ఆగస్టు 22న రాష్ట్రపతి ఆమోదం పొందిన కేంద్ర చట్టం నగదు ఆటలను దేశమంతటా నిషేధించింది. నడిపేవాళ్లకు మూడేళ్ల వరకు జైలు, కోటి రూపాయల వరకు జరిమానా. ఆడేవాళ్లకు శిక్ష లేదు. డ్రీమ్11, ఎంపీఎల్ వంటివి వెంటనే నగదు ఆటలు ఆపాయి. ఆటలు ఆగాయి గానీ ఖాతాలు ఆగలేదు. ఆడనని ఒట్టేసుకున్నవాళ్ల పాన్ వివరాలు, ఓడిన రాత్రుల లెక్కలు ఎక్కడో సర్వర్లలో ఉన్నాయి. విదేశాల నుంచి నడిచే బెట్టింగ్ సైట్ల దగ్గరైతే చెరపమని అడగడానికి చిరునామా కూడా దొరకదు.

ఇక అసలు చిక్కు చెబుతాను. అర్ధరాత్రి జీతమంతా ఓడిపోయిన మనిషి ఏడ్చి, విసిగి, ఖాతా శాశ్వతంగా తొలగించాడనుకుందాం. కంపెనీ నిజాయితీగా అతని ఆనవాళ్లన్నీ చెరిపేసింది. పది రోజుల తర్వాత చేయి లాగుతుంది. మళ్లీ వెళతాడు. అతనెవరో కంపెనీకి గుర్తులేదు. కొత్తవాడిగా చేర్చుకుని, కొత్తవాళ్లకిచ్చే బోనస్ కూడా ఇస్తుంది. చెరిపివేత అతణ్ని కాపాడలేదు. అతనికి కావలసింది కంపెనీ తనను మరచిపోవడం కాదు, గుర్తుంచుకుని గుమ్మంలోనే ఆపడం.

బ్రిటన్ ఈ తేడాను పట్టుకుంది. అక్కడ గ్యామ్‌స్టాప్ అనే జాబితాలో మనిషి తన పేరు తానే రాయించుకోవచ్చు. ఆరు నెలలకు గానీ, ఏడాదికి గానీ, ఐదేళ్లకు గానీ రాయించుకున్నాక గడువు తీరేదాకా తానే వద్దన్నా రద్దు కాదు. అక్కడ లైసెన్సున్న ప్రతి ఆన్‌లైన్ జూద సంస్థా 2020 మార్చి 31 నుంచి ఈ జాబితాను పాటించి తీరాలి. స్వీడన్‌లో 2019 నుంచి స్పెల్‌పౌస్ ఉంది. ఆస్ట్రేలియా 2023 ఆగస్టులో బెట్‌స్టాప్ తెచ్చింది, అందులో మూడు నెలల నుంచి జీవితాంతం దాకా దూరం పెట్టమని కోరవచ్చు. ఒక్క సంస్థ దగ్గర కాదు, అన్నింటి దగ్గరా ఒకేసారి గడియ పడుతుంది. లైసెన్సు లేని సైట్లకు ఇది వర్తించదన్నది నిజమే. అయినా మనిషి తన బలమైన క్షణంలో తీసుకున్న నిర్ణయాన్ని బలహీన క్షణంలో కాపాడే ఏర్పాటు ఇంతకన్నా మంచిది నాకు కనబడలేదు.

మన దేశం నిషేధాన్ని ఎంచుకుంది గనుక అలాంటి జాబితా అక్కర్లేదనేవాళ్లున్నారు. నేను ఒప్పుకోను. జూదం కాని ఆటల్లో డబ్బిచ్చి కొనే డైమండ్లకూ యూసీకీ నెల జీతాలు పోస్తున్నవాళ్లు ఉన్నారు, రాత్రులు కరిగించుకుంటున్న విద్యార్థులున్నారు. గేమింగ్ వ్యసనాన్ని వ్యాధుల వర్గీకరణలో చేర్చడానికి ప్రపంచ ఆరోగ్య సంస్థ సభ్యదేశాలు 2019లో ఒప్పుకున్నాయి, 2022 నుంచి అది అమల్లో ఉంది. బెంగళూరు నిమ్‌హాన్స్ 2014లోనే ఇందుకోసం ప్రత్యేక క్లినిక్ తెరిచింది. ఇన్ని తెలిసిన దేశంలో, తొలగింపు పేజీలో "వివరాలు చెరపండి" పక్కనే "నన్ను మళ్లీ చేర్చుకోకండి" అన్న రెండో బటన్ ఉండాలి. దానికోసం కంపెనీ ఫోన్ నంబరు ముద్ర ఒక్కటి, చదవడానికి వీల్లేని రూపంలో, ఉంచుకుంటే చాలు. మోసం చేసి ఆడేవాళ్లను మళ్లీ రాకుండా పట్టుకునే పరిజ్ఞానం వాళ్ల దగ్గర ఉంది. దాన్ని మానాలనుకునేవాడి కోసం వాడమంటున్నాను.

అంతవరకు చేతిలో ఉన్న పని జాగ్రత్తగా చేయాలి. ముందు చందా ఆపండి. యాప్ తీసేసినా గూగుల్ ప్లే చందా ఆగదు, యూపీఐ ఆటోపే విడిగా రద్దు చేయాలి. వాలెట్‌లో సొమ్ముంటే తీసుకోండి. నగదు ఆటల్లో గెలిచినవాళ్లు లావాదేవీల పత్రాలు దించుకోవాలి. 2023 ఏప్రిల్ నుంచి ఆ నికర గెలుపుపై 30 శాతం ఆదాయపు పన్ను ఉంది, ఖాతా పోయాక నోటీసు వస్తే చూపించడానికి కాగితం ఉండదు. పాత నంబరు ఉంటే ముందు కొత్త నంబరు చేర్చండి. ఐడీ అమ్మేద్దామనుకోవద్దు. మీ మెయిలుతో తెరిచిన ఖాతాలో ఇంకొకడు చేసే పని మీ మెడకు చుట్టుకుంటుంది. తొలగించమని కోరిన తేదీ, బదులుగా వచ్చిన అభ్యర్థన నంబరు స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకోండి. గూగుల్, ఫేస్‌బుక్ లంకెలు తెంపడం అన్నిటికన్నా చివరి పని.

మావాడికి ఇంకా ఆ అభ్యర్థన నంబరు మాత్రమే వచ్చింది. ఖాతా చెరిగినట్టు కబురు రాలేదు. ఈలోగా ఫోను రాత్రి తొమ్మిదికి వాళ్లమ్మ దగ్గర పెట్టి పడుకుంటున్నాడు. మా చెల్లెలు అడగలేదు, వాడే ఇస్తున్నాడు.

ఇంట్లో మాటలతో తేలనప్పుడు కేంద్ర ప్రభుత్వ టెలీ మానస్ ఉంది. నంబరు 14416. ఏ వేళకైనా పలుకుతుంది, డబ్బు తీసుకోరు, తెలుగులో మాట్లాడతారు.